పగలు కలుస్తుంది, రాత్రి కలవదు: ఒక కోల్డ్ స్టోరేజీ వీపీఎన్ కేసు

ఈ కేసు గుంటూరు శివార్లలోని ఒక మిర్చి కోల్డ్ స్టోరేజీది. వీపీఎన్ అంటే బయటున్న ఫోన్‌ను ఇంటర్నెట్ మీదుగా ఆఫీసు లోపలి నెట్‌వర్క్‌కు కలిపే రహస్య దారి. గుర్తుపట్టే వివరాలు తీసేశాను, ఐపీ అడ్రసులు మార్చాను. రూటర్ ఏ కంపెనీదో చెప్పడం లేదు. ఆ తరగతి చిన్న రూటర్ ఏదైనా ఇలాగే చేసేది కాబట్టి, చెప్పినా పెద్దగా ఒరిగేదేమీ లేదు.

ఫోన్ తెర మీద ‘ఆథెంటికేషన్ ఫెయిల్డ్’ (ఎవరో రుజువు కాలేదు) అని కనిపించగానే మన చెయ్యి ముందు పాస్‌వర్డ్ మీదికి, తర్వాత సర్టిఫికేట్ (పరికరానికి ఇచ్చే డిజిటల్ గుర్తింపు పత్రం) మీదికి పోతుంది. ఇక్కడ రెండింటిలోనూ తప్పు లేదు. అయినా వాటినే మార్చి మార్చి వేశారు. మార్చిన ప్రతిసారీ ‘పనిచేసింది’ కూడా. అందుకే ఈ కేసు రాయాలనిపించింది.

నేపథ్యం

ఆ స్టోరేజీలో ప్రతి ఛాంబర్‌కూ ఒక టెంపరేచర్ కంట్రోలర్ ఉంది. వాటన్నిటి రీడింగులూ ఆఫీసు లోపలి నెట్‌వర్క్‌లో ఒక వెబ్ పేజీ మీద కనిపిస్తాయి. ఫిబ్రవరి నుంచి మే దాకా ఊపిరి సలపదు. యార్డు నుంచి లారీలు వస్తూనే ఉంటాయి, టిక్కీలు (మిర్చి బస్తాలు) ఎక్కుతూనే ఉంటాయి, ఛాంబర్ తలుపులు రోజంతా తెరుస్తూ మూస్తూనే ఉంటారు. లోపల ఉన్నది రైతుల సరుకు, దాని మీద బ్యాంకు అప్పులు. యజమాని రాత్రి పడుకునే ముందు ఒకసారి, మధ్యలో మెలకువ వస్తే ఇంకోసారి ఫోన్‌లో రీడింగులు చూసుకుంటారు. వీపీఎన్ పెట్టించుకున్నది ఆ ఒక్క పేజీ కోసమే.

మొదట్లో వాళ్లది ఎల్2టీపీ అనే పాతరకం వీపీఎన్ పద్ధతి. అందరికీ ఒకే రహస్య పదం, పైన యూజర్ నేమ్, పాస్‌వర్డ్. యజమాని కొత్త ఫోన్ కొన్నాక అది పెట్టుకునే దారి లేకుండా పోయింది. 2021లో వచ్చిన ఆండ్రాయిడ్ 12 నుంచి సెట్టింగుల్లో కొత్తగా ఎల్2టీపీ, పీపీటీపీ ప్రొఫైళ్లు చేసుకునే వీలు తీసేశారు. అప్పట్లో పని చూసిన కుర్రాడు ఐకేఈవీ2 అనే కొత్త పద్ధతికి మార్చాడు. ఫోన్‌లో స్ట్రాంగ్‌స్వాన్ యాప్ వేశాడు. రూటర్‌లోనే ఒక సొంత సీఏ (సర్టిఫికేట్లు జారీ చేసే అధికారి) తయారుచేసి, దాని కింద రూటర్‌కు ఒక సర్టిఫికేట్, ఫోన్‌కు ఒక సర్టిఫికేట్ ఇచ్చాడు. మంచి పనే చేశాడు. ఫోన్ పోతే ఆ ఒక్క ఫోన్ సర్టిఫికేట్ రద్దు చేస్తే చాలు, మిగతా వాళ్లను కదిలించనక్కర్లేదు. ఇంటర్నెట్ లైనుకు స్టాటిక్ పబ్లిక్ ఐపీ (మారని, బయటి నుంచి నేరుగా అందే అడ్రసు) కూడా తీసుకున్నారు.

ఫిర్యాదు

నాకు ఫోన్ వచ్చేసరికే ఆ కుర్రాడు సర్టిఫికేట్లు మళ్లీ మళ్లీ తయారుచేసి, యాప్ తీసేసి మళ్లీ వేసి, విసిగిపోయి ఉన్నాడు. యజమాని మాటల్లోనే చెప్తాను: “పగలు మీరొచ్చి చూసినప్పుడు బానే వచ్చిద్దయ్యా. రాత్రి ఇంటికాడ నేను పట్టుకుంటే రాదు.”

“రాకపోవడం అంటే ఎట్లాగండీ? తాళంచెవి గుర్తు వస్తుందా, అసలు రాదా?”

“ఒక్కోసారి వచ్చిద్ది, లోపల పేజీ మాత్రం తిరుగుతానే ఉంటది. ఒక్కోసారి గుర్తే రాదు, ఏదో ఎర్రగా రాసి కొట్టేసిద్ది.”

ఇక్కడే ఆగాలి. పైన తాళంచెవి గుర్తు వచ్చిందంటే ఆథెంటికేషన్ అయిపోయినట్టే. ఆ తర్వాత పేజీ రాకపోతే అది రూటింగ్ (ప్యాకెట్లు ఏ దారిన పోవాలన్న) సంగతి. గుర్తే రాకుండా ఎర్ర అక్షరాలు పడ్డాయంటే అది వేరే రోగం. యజమానికి రెండూ ఒకటే, ఆయనకు కావలసింది పేజీ కాబట్టి ఆయన వైపు నుంచి అది న్యాయమే. మనం కూడా రెండింటినీ ‘వీపీఎన్ రావట్లేదు’ అని ఒకే గంపలో వేసుకుంటే మాత్రం, ఒకదానికి వేసిన మందు రెండోదానికి పనిచేయలేదని అనుకుని దాన్ని కూడా తీసేస్తాం. అందుకని యజమానిని ఒకటే అడిగాను: ఇకమీదట రానప్పుడల్లా తెర ఫొటో తీసి, టైముతో సహా వాట్సాప్‌లో పంపండి. ఫోన్‌లో ఏమీ ముట్టుకోవద్దు, మళ్లీ మళ్లీ నొక్కొద్దు.

తాళంచెవి వచ్చినా పేజీ రాని రోగం

ఇది త్వరగానే తేలింది. ఆఫీసు నెట్‌వర్క్ 192.168.1.x. యజమాని ఇంట్లో బ్రాడ్‌బ్యాండ్ రూటర్ ఇచ్చేదీ 192.168.1.x. ఇంటి వైఫై మీద ఉన్న ఫోన్‌కు 192.168.1.50 అంటే పక్క గదిలో ఉండాల్సిన పరికరం. దాని కోసం టన్నెల్ (వీపీఎన్ దారి) దాటి స్టోరేజీకి పోవాలని దానికి తోచదు. మొబైల్ డేటా మీద ఈ తంటా లేదు కాబట్టి పగలు బయట ఉన్నప్పుడు పేజీ చక్కగా వచ్చేది.

పద్ధతి ప్రకారం అయితే ఆఫీసు నెట్‌వర్క్‌కే ఎవరూ వాడని అడ్రసులు ఇవ్వాలి. కానీ కంట్రోలర్లన్నిటికీ ఐపీ చేత్తో పెట్టి ఉంది, ఒక్కొక్కటి విప్పి మార్చాలి. ఛాంబర్లు నిండుతున్న సీజన్‌లో ఒక కంట్రోలర్ తప్పు అడ్రసుతో గంటసేపు కనపడకుండా పోయినా సమాధానం చెప్పుకోవాల్సింది మనమే. అందుకని వాటి జోలికి పోకుండా రూటర్‌లో ఒక అడ్రసు మార్పిడి పెట్టాను. వీపీఎన్‌లో వచ్చేవాళ్లు 10.37.20.50 అని అడిగితే రూటర్ దాన్ని 192.168.1.50కి మళ్లిస్తుంది, చివరి అంకె అలాగే ఉంటుంది. ఫోన్‌లో బుక్‌మార్క్ ఒక్కటి మారింది. అసలు అడ్రసులు మార్చే పని సరుకు ఖాళీ అయ్యే రోజులకు వాయిదా వేశాం.

దీంతో ఇంట్లో కూడా పేజీ రావడం మొదలైంది. ఇక్కడితో అయిపోయిందని బిల్లు రాసేయొచ్చు. ఎర్ర అక్షరాలకు కారణం ఇంకా దొరకలేదని యజమానికి చెప్పి ఉంచాను.

కొట్టేసిన అనుమానాలు

కొన్నాళ్లకు వాట్సాప్‌లో ఫొటో వచ్చింది. రాత్రి 11.57. స్ట్రాంగ్‌స్వాన్ యాప్‌లో ‘యూజర్ ఆథెంటికేషన్ ఫెయిల్డ్’. మొబైల్ డేటా మీదా అదే, ఇంటి వైఫై మీదా అదే. పొద్దున లేచి చూస్తే మళ్లీ మామూలుగా వస్తోంది.

ఈ యాప్ మనకు చేసే మేలు ఒకటుంది. ‘సర్వర్ దొరకలేదు’, ‘సర్వర్ ఎవరో తేల్చుకోలేకపోయాను’, ‘యూజర్‌ను ఒప్పుకోలేదు’ అనే మూడు సంగతులనూ వేరువేరుగా చెబుతుంది. లోపల లాగ్ (జరిగినవన్నీ టైముతో రాసుకునే చిట్టా) కూడా ఉంటుంది. యజమాని చేత ఆ లాగ్ పంపించుకున్నాను. అందులో కీలకమైన వరుస ఒకటే: ‘రిసీవ్డ్ ఆథెంటికేషన్_ఫెయిల్డ్ నోటిఫై ఎర్రర్’. ఆ నోటీసు అవతలి నుంచి వచ్చింది. నొక్కిన రెండు సెకన్లలోపే వచ్చింది.

ఆ రెండు సెకన్లతోనే చాలా అనుమానాలు పోయాయి. ఐకేఈవీ2లో మాటలు రెండు దశల్లో నడుస్తాయి. మొదటిది ఐకేఈ_ఎస్ఏ_ఇనిట్. యూడీపీ 500 అనే పోర్టు మీద ఇద్దరూ ఏ సైఫర్ (గుప్తలిపి పద్ధతి) వాడాలో తేల్చుకుని తాళాలు మార్చుకుంటారు, ఎవరు ఎవరో ఇంకా చెప్పుకోరు. రెండోది ఐకేఈ_ఆథ్. మధ్యలో నాట్ (చాలా పరికరాలను ఒకే బయటి అడ్రసు వెనక పెట్టే ఏర్పాటు) ఉంటే ఇది యూడీపీ 4500 మీదికి మారుతుంది, సర్టిఫికేట్లు చూపించుకునేది ఇందులోనే. రెండో దశకు జవాబుగా నోటీసు వచ్చిందంటే లైను బాగుంది, పోర్టులు తెరిచి ఉన్నాయి, సైఫర్లు కుదిరాయి.

ఆ కుర్రాడికి ఉన్న మొదటి అనుమానం సీజీనాట్. మొబైల్ కంపెనీలు వేలమందిని ఒకే పబ్లిక్ ఐపీ వెనక పెడతాయి, అది నిజమే. కానీ ఫోన్ నాట్ వెనక ఉన్నా అదే ముందు తలుపు తడుతుంది కాబట్టి ఇబ్బంది లేదు. రూటర్ నాట్ వెనక ఉంటే కష్టం. రూటర్ బయటి అడ్రసు 100.64 నుంచి 100.127 మధ్య మొదలైతే అది సీజీనాట్ వెనక ఉందని అర్థం, 2012లో ఆ అంకెలను అందుకే కేటాయించారు. ఇక్కడ అలా లేదు, కొన్న స్టాటిక్ ఐపీయే కనిపిస్తోంది.

రెండో అనుమానం ఇంకా బలమైనది. సర్టిఫికేట్లు మోసుకెళ్లే ఐకేఈ_ఆథ్ ప్యాకెట్ పెద్దది. దారిలో ముక్కలవుతుంది, ఆ యూడీపీ ముక్కల్ని కొన్ని నెట్‌వర్కులు పారేస్తాయి. ఐకేఈ తనంతట తానే ముక్కలు చేసుకునే పద్ధతిని 2014లో ప్రమాణంగా తెచ్చింది ఇందుకే. ఇలాంటి కేసులు నేను చూశాను. అయితే ప్యాకెట్ మధ్యలో పోతే ఫోన్‌కు జవాబే రాదు. అది మళ్లీ మళ్లీ పంపి, చాలాసేపు తిరిగి, చివరికి ‘సర్వర్ దొరకలేదు’ అంటుంది. ఇక్కడ తిరగడం లేదు, వెంటనే కొట్టేస్తోంది. ఎంతసేపటికి విఫలమైందన్నది, ఏమని విఫలమైందన్నంత ముఖ్యమైన సాక్ష్యం. యజమానులు ఫొటో పంపుతారు గానీ సెకన్లు చెప్పరు. అడిగి తెలుసుకోవాలి.

ఇక మిగిలింది రూటర్ నిజంగానే సర్టిఫికేట్‌ను ఒప్పుకోకపోవడం. ఎందుకు ఒప్పుకోలేదో ఆ నోటీసు చెప్పదు, చెప్పకూడదు కూడా. ఐకేఈవీ2 ప్రమాణం ఆర్ఎఫ్‌సీ 7296 ప్రకారం రహస్య పదం తప్పైనా, ఐడీ తప్పైనా, నమ్మని సీఏ అయినా, సర్టిఫికేట్ గడువు తీరినా, రద్దైనా జవాబు ఒకటే: ఆథెంటికేషన్_ఫెయిల్డ్. బయటివాడికి లోపలి కారణం తెలియకూడదు. కారణం రాసి ఉండేది రూటర్ లాగ్‌లోనే.

రూటర్ లాగ్‌లో ఏమీ లేదు!

పొద్దున పదింటికి రూటర్ పేజీ తెరిచాను. ముందురోజు రాత్రి 11.57 దరిదాపుల్లో ఒక్క వరుస కూడా లేదు. ఆ రాత్రి తేదీతోనే ఏమీ లేదు. కుర్రాడు ఇంతకుముందు ఇక్కడే ఆగి, ‘ప్యాకెట్లు రూటర్ దాకా రావట్లేదు, నెట్ వాళ్ల ప్రాబ్లం’ అని తేల్చాడు. ఆ మాట మీద లైను కంపెనీకి రెండు కంప్లైంట్లు కూడా వెళ్లాయి. ఆ మాట నిలవదు. రెండు సెకన్లలో జవాబు ఇచ్చింది ఎవరో ఒకరు ఉండాలి కదా.

లాగ్ పైభాగంలో మాత్రం కొన్ని వరుసలున్నాయి. ‘జనవరి 1 05:30’తో మొదలై, 05:46 దగ్గర ఐపీసెక్ (రూటర్‌లో వీపీఎన్ నడిపే భాగం) గురించి రెండు వరుసలు. మేము ఉన్నది మార్చిలో. చూడగానే ఎవరికైనా కొత్త సంవత్సరం నాటి పాత చెత్త అనిపిస్తుంది, కళ్లు దాటుకుని కిందికి పోతాయి. ఈ లాగ్‌లో సంవత్సరం కనిపించదు. పాతకాలపు సిస్‌లాగ్ (పరికరాలు లాగ్ రాసే, పంపే పద్ధతి) వరుసల్లో నెల, తేదీ, టైము మాత్రమే ఉంటాయి.

అదే పేజీలో పైన మూలన ‘అప్‌టైమ్’ అని ఉంటుంది, రూటర్ ఆన్ అయి ఎంతసేపైందో. పది గంటల పైచిలుకు చూపిస్తోంది. ఈ రూటర్ లాగ్ ర్యామ్‌లో ఉంటుంది, పవర్ పోతే తుడిచిపెట్టుకుపోతుంది. పది గంటల కిందట లేచిన రూటర్ దగ్గర జనవరి నాటి వరుసలు ఉండే అవకాశమే లేదు. అంటే ఆ ‘జనవరి 1’ నిన్న రాత్రే. సంవత్సరం 1970.

చాలా కంప్యూటర్లు కాలాన్ని 1970 జనవరి 1 నుంచి సెకన్లలో లెక్కపెడతాయి. గడియారానికి బ్యాటరీ లేని రూటర్ పవర్ పోయి వచ్చాక, టైము ఎంతో ఎవరూ చెప్పకపోతే సున్నా నుంచి మొదలుపెడుతుంది. గ్రీన్‌విచ్‌లో అర్ధరాత్రి అంటే మనకు తెల్లవారుజాము అయిదున్నర. ఆ 05:30 అక్కడి నుంచి వచ్చింది.

లెక్క సరిచూసుకోవడానికి మెషిన్ రూముకు వెళ్లాను. కంప్రెసర్ ఆపరేటర్ దగ్గర ఒక పొడుగు నోటుబుక్ ఉంటుంది. గంటగంటకూ ప్రెషర్లు, టెంపరేచర్లు, కరెంటు పోయినప్పుడల్లా టైము రాస్తాడు. నిన్న రాత్రి పేజీలో నీలం ఇంకుతో ‘11.38 కరెంటు ఆఫ్, 11.40 డీజీ ఆన్’ అని ఉంది. జనరేటర్ ఎక్కాక రూటర్ లేవడానికి ఒక నిమిషం వేసుకుంటే 11.41. అక్కడి నుంచి యజమాని నొక్కిన 11.57కి పదహారు నిమిషాలు. లాగ్‌లో 05:30 నుంచి 05:46కీ పదహారే. ఆ 05:46 వరుసలు ఇంకోసారి చదివితే కారణం ఉన్నదున్నట్టుగా రాసి ఉంది: ఫోన్ సర్టిఫికేట్ ‘నాట్ యెట్ వాలిడ్’, అంటే ఇంకా చెల్లుబాటులోకి రాలేదు.

ముందు తేదీ వేసిన చెక్కు లాంటిదే ఇది. సంతకం సరైనదే, ఖాతాలో డబ్బుంది, కానీ ఆ తేదీ రాకముందే పట్టుకెళ్తే బ్యాంకు పాస్ చేయదు. మొన్న తయారైన సర్టిఫికేట్‌ను 1970లో ఉన్న రూటర్‌కు చూపించాం, అది వెనక్కి కొట్టింది. ఫోన్ గడియారం సరిగ్గా ఉండటం వల్ల ఇక్కడ లాభం లేదు. ఫోన్ సర్టిఫికేట్‌ను చూసేది రూటర్, అది చూసుకునేది తన గడియారాన్నే.

మరి పొద్దున ఎలా బాగైంది?

రూటర్ ఎన్‌టీపీ (నెట్‌వర్క్ మీద సరైన టైము తెచ్చుకునే) సెట్టింగ్‌లో ఉన్నది ఒకటే అడ్రసు, ఆఫీసు పీసీది. ఎప్పుడో సీసీ కెమెరాల రికార్డర్, టెంపరేచర్ రికార్డు చేసే సాఫ్ట్‌వేర్, రూటర్ మూడూ ఒకే టైము చూపించాలని ఎవరో పీసీనే టైమ్ సర్వర్‌గా పెట్టి, అన్నిటినీ దానికి తగిలించారు. ఆలోచన బాగుంది. ఆ పీసీని గుమస్తా గారు సాయంత్రం ఇంటికి పోతూ ఆపేస్తారు, పొద్దున వచ్చి వేస్తారు. పగలు కరెంటు పోయినా పీసీ లేచిన కాసేపటికి రూటర్ టైము సర్దుకుంటుంది. రాత్రి పోతే మాత్రం తెల్లారేదాకా అది 1970లోనే ఉంటుంది.

ఇంకో చిక్కు, ఆ పీసీకీ రూటర్‌కూ కలిపి ఒక యూపీఎస్ ఉంది. దాన్లో బ్యాటరీ చచ్చిపోయి ఎంతకాలమైందో ఎవరికీ గుర్తులేదు. కరెంటు ఉన్నంతసేపూ పచ్చలైటు వెలుగుతుంది కాబట్టి ఎవరూ పట్టించుకోలేదు. జనరేటర్ ఎక్కే ఆ రెండు నిమిషాల్లో రూటర్ పడిపోతోంది. గుమస్తా గారిని అడిగితే, “కరెంటు పోతే పీసీ ఆగిపోద్దండీ, అది ఎప్పుడూ ఉండేదేగా” అన్నారు.

కరెంటు పోయిందని స్టోరేజీ నుంచి కబురు రాగానే యజమాని ఫోన్ పట్టుకుని రీడింగులు చూడబోతారు. అంటే ఆయనకు అత్యవసరమైన ఆ ఘడియలోనే వీపీఎన్ చచ్చి ఉంటుంది. సర్టిఫికేట్ మళ్లీ తయారుచేసిన ప్రతిసారీ ‘బాగైంది’ అనిపించడానికి కారణమూ ఇదే. మరమ్మతులన్నీ పగలే జరిగాయి, పగలు గడియారం సరిగ్గానే ఉంది.

ఒప్పుకునే ముందు తప్పు తెచ్చిపెట్టాలి

కథ బాగా కుదిరినప్పుడే అనుమానించాలి. ఆ మధ్యాహ్నమే, యజమాని అనుమతితో, పీసీ ఆపేసి రూటర్ ప్లగ్ పీకి పెట్టాను. కంట్రోలర్లు రూటర్ లేకపోయినా తమ పని తాము చేసుకుంటాయని ఆపరేటర్‌తో ముందే నిర్ధారించుకున్నాను. అలారం కూడా వేరే వైరు మీద ఉంది. మొబైల్ డేటా మీద ఫోన్ నొక్కితే పట్టపగలే అవే ఎర్ర అక్షరాలు, అదే రెండు సెకన్లు. తర్వాత ఫోన్ ముట్టుకోకుండా రూటర్ గడియారం ఒక్కటి చేత్తో సరిచేశాను. నొక్కగానే కలిసింది. మళ్లీ వెనక్కి తిప్పితే మళ్లీ పోయింది. ఒకే ఒక్క వస్తువు మార్చి రెండు వైపులా ఫలితం చూసేదాకా నేను కారణం దొరికిందని చెప్పను.

ఈ దశలో కుర్రాడు ఒక సులువు దారి చూపించాడు. సర్టిఫికేట్ తీసేసి యూజర్ నేమ్, పాస్‌వర్డ్‌కు మార్చేద్దాం సార్, అప్పుడు సర్టిఫికేట్ చూసుకునేది ఫోన్ ఒక్కటే, దాని గడియారం ఎప్పుడూ కరెక్టే అన్నాడు. లెక్కకు నిజమే, లక్షణం పోయేది. కానీ రూటర్ 1970లోనే ఉండిపోయేది, లాగ్ ఎప్పటికీ నమ్మదగింది కాకుండా పోయేది. పైగా సీజన్‌లో ఆ పాస్‌వర్డ్ గుమస్తాల నుంచి కమీషన్ వ్యాపారుల దాకా చేతులు మారుతుంది. ఇంకెవరో కంట్రోలర్ పేజీకి నేరుగా పోర్టు తెరిచేయమని కూడా సలహా ఇచ్చారట. ఫ్యాక్టరీ పాస్‌వర్డ్‌తో ఉన్న పెట్టెను ఇంటర్నెట్‌కు అప్పజెప్పడం అది. రెండూ వద్దన్నాను.

మొదటి మందు పారలేదు

ఎన్‌టీపీలో పీసీ అడ్రసు తీసేసి బయటి సర్వర్లు పెట్టాను: ఎన్ఐసీ (కేంద్ర ప్రభుత్వ ఇన్ఫర్మాటిక్స్ సంస్థ) వాళ్ల సమయ్1.నిక్.ఇన్, సమయ్2.నిక్.ఇన్, తోడుగా జాతీయ భౌతిక ప్రయోగశాల (ఎన్‌పీఎల్) వారి టైమ్.ఎన్‌పీఎల్ఇండియా.ఆర్గ్. ఇవే ఎందుకంటే, 2022 ఏప్రిల్ 28న కేంద్ర ప్రభుత్వ సైబర్ భద్రతా సంస్థ సెర్ట్-ఇన్ ఇచ్చిన ఆదేశాల్లో సంస్థలు తమ గడియారాలను ఎన్ఐసీ లేదా ఎన్‌పీఎల్ సర్వర్లతో, లేదా వాటితో ముడిపడిన సర్వర్లతో కలుపుకోవాలని ఉంది. ఎలాగూ పెడుతున్నప్పుడు అవే పెడితే పోయేదేముంది.

సేవ్ చేయగానే టైము సరిగ్గా వచ్చింది. పీసీ ఆపి, ప్లగ్ పీకి పరీక్షిస్తే మళ్లీ 1970! అయిదు నిమిషాలు ఆగినా అంతే.

పింగ్ (అవతలివైపు పలుకుతోందా అన్న పరీక్ష) చేస్తే అంకెల అడ్రసుకు పోతోంది, పేరుకు పోవడం లేదు. డీఎన్ఎస్ (పేరుకు అంకెల అడ్రసు వెతికిచ్చే సేవ) పేజీ తెరిస్తే కారణం కనిపించింది. ఎవరో ఏదో వీడియో చూసి, భద్రత కోసం డీఎన్ఎస్‌ను హెచ్‌టీటీపీఎస్ (గుప్తంగా నడిచే వెబ్ లైను) మీద నడిచేలా పెట్టారు. హెచ్‌టీటీపీఎస్ అంటే సర్టిఫికేట్. సర్టిఫికేట్ చెల్లాలంటే టైము కావాలి. టైము తెచ్చుకోవాలంటే సమయ్1 అనే పేరుకు అడ్రసు కావాలి, అడ్రసు ఇవ్వాల్సింది డీఎన్ఎస్. ఒకదాని కోసం ఒకటి ఎదురుచూస్తూ రెండూ కూర్చున్నాయి. పీసీని అంకెల అడ్రసుతో పెట్టినన్నాళ్లూ ఈ ముడి బయటపడలేదు.

ఒక ఎన్‌టీపీ సర్వర్‌ను పేరుతో కాకుండా అంకెలతో పెట్టొచ్చు. కానీ ఆ అంకెలు ఎప్పుడో మారితే నాలుగేళ్ల తర్వాత వచ్చే మనిషికి ఇదే కథ మళ్లీ మొదలవుతుంది. ఈ రూటర్‌కు హెచ్‌టీటీపీఎస్ డీఎన్ఎస్‌తో ప్రత్యేకంగా వచ్చే లాభమేమీ నాకు కనపడలేదు. దాన్ని తీసేసి మామూలు డీఎన్ఎస్ పెట్టాను. మళ్లీ ప్లగ్ పీకాం. ఈసారి రూటర్ లేచిన నిమిషంలోపే టైము దిద్దుకుంది, ఫోన్ కలిసింది. యూపీఎస్‌లో 12 వోల్టుల 7 ఏహెచ్ బ్యాటరీ కొత్తది వేయించాం. దాంతో జనరేటర్ ఎక్కేలోపు రూటర్ పడిపోవడమే ఆగింది. బ్యాటరీ ఒక్కటే మార్చి ఊరుకున్నా చాలాకాలం ఫిర్యాదు వచ్చేది కాదు. కానీ ఆ బ్యాటరీ మళ్లీ చచ్చిన రాత్రి ఇదంతా మొదటికొచ్చేది. అందుకే గడియారాన్ని ముందు సరిచేసి, బ్యాటరీని చివర పెట్టాను.

ఈ కేసు తర్వాత నా పద్ధతిలో మారినవి

ఆథెంటికేషన్ ఫిర్యాదు ఏదొచ్చినా ఇప్పుడు రూటర్‌లో ముందు చూసేది గడియారం, అప్‌టైమ్. ఆ రెండూ చూడటానికి పది సెకన్లు పట్టదు, ఏమీ మార్చనక్కర్లేదు. అప్‌టైమ్ గడియారం మీద ఆధారపడదు కాబట్టి టైము తప్పినా అది అబద్ధం చెప్పదు.

రూటర్ లాగ్‌ను ర్యామ్‌లోనే వదిలేయకుండా బయట ఒక చిన్న సిస్‌లాగ్ పెట్టెకు పంపిస్తున్నాను. అందుకున్న పెట్టె తన టైము కూడా వేసుకుంటుంది, పంపినవాడు 1970లో ఉన్నా మనకు అసలు వేళ తెలుస్తుంది. సెర్ట్-ఇన్ ఆదేశాల్లో లాగ్‌లు 180 రోజులు దాచాలని కూడా ఉంది. చిన్న వ్యాపారాల్లో ఎవరూ అడగరు గానీ, ఇలాంటి రోజున పనికొచ్చేది అదే.

‘వైర్‌గార్డ్ (ఇంకో రకం వీపీఎన్) వేస్తే ఈ గొడవే ఉండేది కాదు కదా’ అని చాలామంది అంటారు. ఫోన్ నుంచి రూటర్‌కు అయితే నిజమే, అందులో సర్టిఫికేట్లు లేవు. అయితే వైర్‌గార్డ్‌లో ముందు తలుపు తట్టేవాడు పంపే టైమ్‌స్టాంపు, ఇంతకుముందు పంపినదానికంటే కొత్తదై ఉండాలి. పాత ప్యాకెట్లు పట్టుకుని ఎవరూ మోసం చేయకుండా పెట్టిన కట్టుబాటు అది. బ్రాంచిలో బ్యాటరీ గడియారం లేని రూటర్ హెడ్డాఫీసుకు తానే డయల్ చేసే చోట, కరెంటు పోయి అది 1970కి జారితే అవతలి వైపు దాని మాట వినదు. ప్రోటోకాల్ మార్చినా టైము అవసరం తీరదు.

ఫోన్ సర్టిఫికేట్ గడువును కొత్తగా ఇచ్చేటప్పుడు డిసెంబరులో తీరేలా పెట్టాను. అప్పటికి ఛాంబర్లు దాదాపు ఖాళీ అవుతాయి, కొత్త పంట ఇంకా యార్డుకు రాదు. ఒకవేళ ఆ రోజు ఎవరూ గుర్తుపెట్టుకోకపోయినా రాత్రిపూట కంగారు పడాల్సిన సరుకు లోపల ఉండదు. కంట్రోలర్ల అడ్రసులు మార్చే పని కూడా ఆ వారానికే రాసుకున్నాం. ఆపరేటర్ నోటుబుక్‌లో కరెంటు వరుస పక్కన ‘రూటర్ లైటు’ అని ఇంకో గడి గీయించాను. యూపీఎస్ మళ్లీ చచ్చిన రాత్రి మొదట తెలియాల్సింది అతనికే.